కోఫాక్స్ మోచేతిని కూడా లెక్కలోకి తీసుకోవాలి

సంపాదకులు గారికి నమస్కారం.

మీ ఆదివారం అనుబంధంలో అమెరికా బేస్‌బాల్ పిచర్ శాండీ కోఫాక్స్ గురించి వచ్చిన వ్యాసాన్ని రెండుసార్లు చదివాను. క్రికెట్ తప్ప మరో ఆట పేరు తెలుగు పత్రికల్లో అరుదుగా కనిపించే ఈ రోజుల్లో, దాదాపు అరవై ఏళ్ల కిందట ఆడటం మానేసిన ఒక పరదేశపు ఆటగాడికి అంత చోటు ఇచ్చినందుకు ముందుగా కృతజ్ఞతలు. వ్యాసంలో ఇచ్చిన అంకెల్లో నాకు తప్పు కనిపించలేదు. అయితే ఆ అంకెలన్నిటినీ తీసుకొచ్చి ‘నొప్పిని లెక్కచేయని వీరుడు’ అనే ఒక్క మాటకు ముడివేసిన తీరుతో నేను ఏకీభవించలేకపోతున్నాను. ముప్పై నాలుగేళ్లు ఉన్నత పాఠశాలల్లో వ్యాయామోపాధ్యాయుడిగా పనిచేసి విశ్రాంతి తీసుకుంటున్నవాణ్ణి. ఆ మాటనే నేను కూడా మైదానంలో పిల్లల ముందు వాడాను, దాని ఫలితం ఎలా ఉంటుందో దగ్గరగా చూశాను. అందుకే ఈ ఉత్తరం కాస్త పొడుగైనా రాయక తప్పడం లేదు.

కోఫాక్స్ పన్నెండు సీజన్లు ఆడారు. ఆ పన్నెండింటినీ సరిగ్గా నడిమికి విరిచి చూస్తే తప్ప ఆయన జీవితం అర్థం కాదని నా అభిప్రాయం. 1955 నుంచి 1960 వరకు ఆరు సీజన్లు ఆయన్ని సరిగా వాడుకోలేదు. 1961 నుంచి 1966 వరకు ఆరు సీజన్లు, ముఖ్యంగా చివరి రెండూ, మితిమీరి వాడుకున్నారు. ఈ రెండు నిర్ణయాలూ ఆయనవి కావు. మధ్యలో ఆయన ప్రతిభ ఉన్నది నిజమే, దాని గురించి ఎంత చెప్పినా తక్కువే. కానీ ప్రతిభ ఒక్కటే చెప్పి మిగతాది వదిలేస్తే చదివే కుర్రాళ్లకు తప్పుడు పాఠం అందుతుంది.

బేస్‌బాల్ పరిచయం లేని పాఠకుల కోసం నాలుగు మాటలు చెప్పాలి. పిచర్ మన బౌలర్ లాంటివాడే గాని పరుగెత్తుకుంటూ రాడు. మైదానంలో చిన్న మట్టి దిబ్బ మీద నిలబడి, 60 అడుగుల 6 అంగుళాల దూరంలో ఉన్న హోమ్ ప్లేట్ వైపు, బంతి నేలకు తగలకుండా విసురుతాడు. క్రికెట్ బౌలర్ మోచేయి వంచి విసరకూడదని మనం పిల్లలకు మొదటి రోజే చెబుతాం. అక్కడ ఆ నియమమే లేదు. మోచేయి వంచి, కొరడా ఝళిపించినట్లు విసరడమే అక్కడి పద్ధతి. పరుగు వల్ల వచ్చే ఊపు ఉండదు కనుక, కాళ్లలోనూ నడుములోనూ పుట్టిన బలమంతా భుజం మీదుగా వచ్చి మోచేతి కీలు మీద పడుతుంది. ఒక మ్యాచ్‌కు 9 ఇన్నింగ్స్, ఇన్నింగ్స్‌కు ముగ్గురు అవుట్ కావాలి, అంటే మొత్తం 27 మంది. కోఫాక్స్ కాలంలో మేటి పిచర్ అనిపించుకోవాలంటే ఆ 27 మందినీ తానే అవుట్ చేసి రావాలన్న పట్టింపు ఉండేది. ఈ పట్టింపును గుర్తుపెట్టుకుంటే తరువాతి కథ సులభంగా తెలుస్తుంది.

ఆయన 1935 డిసెంబర్ 30న న్యూయార్క్‌లోని బ్రూక్లిన్‌లో ఒక యూదు కుటుంబంలో పుట్టారు. చిన్నప్పుడు ఆయన ఆట బాస్కెట్‌బాల్. సిన్సినాటి విశ్వవిద్యాలయానికి వెళ్లిందీ ఆ ఆట ఆడుతూనే. 1954 చివర్లో బ్రూక్లిన్ డాడ్జర్స్ జట్టు ఆయనకు 14,000 డాలర్ల బోనస్ ఇచ్చి చేర్చుకుంది. ఆ బోనసే ఆయన నెత్తిన బరువైంది. 4,000 డాలర్లకు మించి బోనస్ తీసుకున్న కొత్త ఆటగాణ్ణి రెండేళ్ల పాటు ప్రధాన జట్టులోనే ఉంచాలని అప్పట్లో ఒక నిబంధన ఉండేది. డబ్బున్న జట్లు కుర్రాళ్లందరినీ కొని దాచుకోకుండా చేయాలన్నది దాని ఉద్దేశం. దాని ఫలితం మాత్రం కుర్రాళ్ల మీద పడింది. మామూలుగా పందొమ్మిదేళ్ల పిచర్ చిన్న లీగుల్లో వారం వారం ఆడి, దెబ్బలు తిని, చేయి తిప్పుకుని పైకి వస్తాడు. కోఫాక్స్‌కు ఆ దారి మూసేశారు. 1955లో ఆయనకు దక్కింది 41 ఇన్నింగ్స్‌కు కాస్త పైన, 1956లో 58కి కాస్త పైన. మిగిలిన రోజులన్నీ బెంచి మీదే. ఎప్పుడో ఒకసారి పిలిచి బంతి చేతికిస్తే, ఉన్న కొద్ది అవకాశంలోనే అంతా చూపించాలన్న ఆత్రంతో శక్తికొద్దీ విసిరేవారు. బంతి అదుపు తప్పేది. తిరిగి బెంచి మీదికి పంపేవారు. ఏ ఊళ్లో ఏ ఆటలో అయినా పన్నెండో ఆటగాడిగా మిగిలిపోయిన కుర్రాణ్ణి చూసినవారికి ఈ స్థితి కొత్తగా అనిపించదు.

మెరుపులు లేకపోలేదు. 1955 ఆగస్టు 27న తొలి విజయం సాధించిన మ్యాచ్‌లో సిన్సినాటి జట్టుకు ఆయన ఇచ్చినవి రెండే హిట్లు (బ్యాటర్ కొట్టి, పరుగు దారిలోని ‘బేస్’ అనే మజిలీని చేరిన దెబ్బలు), స్ట్రైకౌట్లు (బ్యాటర్ బంతిని కొట్టలేక అవుట్ కావడం) 14. 1959లో శాన్‌ఫ్రాన్సిస్కో జెయింట్స్ మీద ఒకే మ్యాచ్‌లో 18 స్ట్రైకౌట్లు చేశారు. అయినా 1960 సీజన్ ముగిసేసరికి ఆయన ఖాతాలో 36 గెలుపులు, 40 ఓటములు (ఈ ఆటలో జట్టు గెలుపోటములను పిచర్ పేరు మీద కూడా రాస్తారు). ఆ సీజన్ చివరి రోజున తన గ్లవ్స్, బూట్లు చెత్తబుట్టలో పడేసి వెళ్లిపోయారు. జట్టు సామగ్రి చూసుకునే నోబే కవానో వాటిని తీసి దాచి, మరుసటి ఏడాది శిక్షణ శిబిరంలో తిరిగి ఇచ్చారు. కోఫాక్స్ గొప్పతనం గురించి మాట్లాడేటప్పుడు నాకు ముందు గుర్తొచ్చేది కవానో చేతులే. పాఠశాలల్లో ఆట సామాను గది తాళం చూసుకునే అటెండర్లు ఇలాంటి పనులు ఎన్ని చేశారో, ఎంతమంది పిల్లల్ని ఆటలో నిలిపారో ఏ రికార్డులోనూ ఉండదు.

1961 వసంతంలో ఫ్లోరిడా శిక్షణ శిబిరంలో, ఒక చిన్న సన్నాహక మ్యాచ్‌లో మలుపు వచ్చింది. ఎప్పటిలాగే వరసగా గురి తప్పి (నాలుగు బంతులు గురి తప్పితే బ్యాటర్ ఊరికే మొదటి బేస్‌కు వెళతాడు) బేస్‌లన్నీ నింపేశాక, ఆయన బంతులు అందుకునే క్యాచర్ నార్మ్ షెర్రీ మట్టి దిబ్బ దగ్గరికి నడిచి వచ్చి, ఇంత బలం పెట్టవద్దు, కాస్త తేలిగ్గా విసురు, వాళ్లు కొడితే కొట్టనీ అన్న అర్థంలో నచ్చజెప్పారు. కోఫాక్స్ చేయి సడలించారు. బంతి చెప్పిన చోట పడటం మొదలైంది, విచిత్రంగా వేగం తగ్గలేదు. ఇందులో మాయేమీ లేదు. భుజం బిగించి విసిరే పిల్లవాణ్ణి ‘ఊపిరి పీల్చుకుని వెయ్యరా’ అంటే బంతి మరింత జోరుగా రావడం నేను ఎన్నోసార్లు చూశాను. అయితే ఆ మాట ఆరేళ్లు ఆలస్యంగా అందింది. అది ముందే చెప్పడానికి తగినన్ని మ్యాచ్‌లు ఆయన చేత ఆడించిన వారెవరూ లేరు.

ఆ తరువాతి ఆరేళ్ల గురించి మీ వ్యాసం వివరంగానే రాసింది కనుక నేను క్లుప్తంగా చెబుతాను. 129 గెలుపులు, 47 ఓటములు. 1962 నుంచి 1966 వరకు వరసగా ఐదేళ్లు, తొమ్మిది ఇన్నింగ్స్‌కు సగటున అతి తక్కువ పరుగులిచ్చిన పిచర్‌గా, రెండు పెద్ద లీగుల్లో ఒకటైన నేషనల్ లీగ్‌లో ఆయనే మొదటివారు. 1963లో 25 గెలిచి 5 మాత్రమే ఓడారు. ఆ ఏడాది రెండు లీగుల విజేతలు తలపడే వరల్డ్ సిరీస్ తొలి మ్యాచ్‌లో న్యూయార్క్ యాంకీస్ బ్యాటర్లను 15 మందిని స్ట్రైకౌట్ చేశారు. 1965లో 382 స్ట్రైకౌట్లు. ఏటా ఒక్క అత్యుత్తమ పిచర్‌కే, రెండు లీగులకూ కలిపి సై యంగ్ అవార్డు ఇచ్చే ఆ రోజుల్లో మూడుసార్లు, మూడుసార్లూ ఏకగ్రీవంగా, అది ఆయనకే దక్కింది.

ఒక రాత్రి గురించి మాత్రం ఆగి చెప్పాలి. 1965 సెప్టెంబర్ 9, బ్రూక్లిన్ నుంచి లాస్ ఏంజెలెస్‌కు మారిన డాడ్జర్స్ సొంత మైదానం డాడ్జర్ స్టేడియం, ఎదుట చికాగో కబ్స్. వచ్చిన 27 మందిలో ఒక్కరు కూడా మొదటి బేస్ చేరలేదు. ఇలాంటి దాన్ని పర్ఫెక్ట్ గేమ్ అంటారు. చివరి ఆరుగురినీ వరసగా స్ట్రైకౌట్ చేశారు. ఎదుటి పిచర్ బాబ్ హెండ్లీ ఆ రాత్రి ఇచ్చింది ఒకే ఒక్క హిట్. డాడ్జర్స్‌కు వచ్చిన ఏకైక పరుగు ఆ హిట్ వల్ల కూడా కాదు, కబ్స్ క్యాచర్ విసిరిన బంతి తప్పిపోవడం వల్ల వచ్చింది. ఇద్దరు పిచర్లు కలిసి ఒక్క హిట్ ఇచ్చిన మ్యాచ్ అది. హెండ్లీ పేరు మీ వ్యాసంలో లేదు. ఓడిన మనిషి జీవితంలోని అత్యుత్తమ ఆటను కూడా అదే రాత్రి ప్రేక్షకులు చూశారన్న సంగతి ఒక్క వాక్యంలోనైనా రాసి ఉంటే బాగుండేదని అనిపించింది.

ఇక మోచేతి సంగతి. పర్ఫెక్ట్ గేమ్ ఆడిన ఆ ఎడమ చేయి అప్పటికి పూర్తిగా తిన్నగా చాపడానికి రావడం లేదు. 1964 ఆగస్టులో మిల్‌వాకీలో రెండో బేస్‌కు తిరిగి దూకబోయి ఆ చేతి మీద పడ్డారు. కొద్ది రోజులకే మోచేయి వాచి కదలకుండా పోయింది. జట్టు వైద్యుడు రాబర్ట్ కెర్లన్ పరీక్షించి, దెబ్బ వల్ల ముదిరిన కీళ్లవాతమని తేల్చారు. 1965 వసంతంలో ఒక సన్నాహక మ్యాచ్ ఆడిన మరుసటి ఉదయం లేచి చూసుకుంటే లోపల రక్తం గూడుకట్టి చేయి కమిలిపోయి ఉంది. వారానికి ఒక్కసారి ఆడగలిగితే అదృష్టమే అనుకోవాలని, ఇలాగే కొనసాగితే చివరికి చేయి పూర్తిగా పనికిరాకుండా పోవచ్చని వైద్యుడు హెచ్చరించారు. ఆ హెచ్చరిక విన్న తరువాత ఆ సీజన్‌లో ఆయన చేత వేయించినవి 335కు పైగా ఇన్నింగ్స్. మరుసటి ఏడాది 323. రెండేళ్లలోనూ చెరో 41 మ్యాచ్‌లు మొదలుపెట్టారు, చెరో 27 మ్యాచ్‌లు చివరిదాకా తానే ముగించారు.

ఆ రెండేళ్లు మ్యాచ్ రోజున ఏం జరిగేదో తెలిస్తే వీరుడన్న మాట నోట రావడానికి సంకోచిస్తాం. ఆటకు ముందు చేతికీ వీపుకూ క్యాప్సోలిన్ అనే లేపనం దట్టంగా రాసేవారు. అది మిరపకాయల ఘాటుతో తయారైనది. గుంటూరు మిరప కల్లాల్లో పనిచేసి వచ్చిన మనిషి చేయి ఎలా మండుతుందో తెలిసిన వాళ్లకు ఆ లేపనం గురించి వేరే చెప్పనక్కరలేదు. నొప్పికి కోడీన్ కలిసిన మాత్రలు, వాపుకు గుర్రాలకు కూడా వాడే బ్యూటాజోలిడిన్, అవసరమైతే నేరుగా కీలులోకి కార్టిసోన్ సూది. ఆట ముగిశాక మోచేతిని మంచునీళ్ల తొట్టిలో ముంచి కూర్చునేవారు. చర్మం గడ్డకట్టి పాడవకుండా టైరు ట్యూబు రబ్బరుతో చేసిన తొడుగు చేతికి వేసేవారు. వంగిన చేయి వంగినట్లే ఉండిపోవడంతో కోటు ఎడమ చేతి పొడవును దర్జీ చేత తగ్గించుకోవలసి వచ్చింది. ముప్పై ఏళ్లు దాటని మనిషి సంగతి ఇది. దున్నే ఎద్దునే పొడుస్తారని మన పెద్దలన్నది ఇలాంటి చోటే.

1965 వరల్డ్ సిరీస్ తొలి మ్యాచ్ యూదుల పవిత్ర దినమైన యోమ్ కిప్పుర్ నాడు పడింది. ఆ రోజు ఆడనని చెప్పి ఆయన ఆడలేదు. అమెరికాలోని యూదులు తరతరాలుగా చెప్పుకునేది ఈ సంగతినే. మీ వ్యాసం దీనికి తగిన గౌరవం ఇచ్చింది. నేను చేర్చదలిచింది ఒక్కటే. ఆ సిరీస్ ఏడో మ్యాచ్‌కు, రెండే రోజుల విశ్రాంతితో, మళ్లీ ఆయన్నే దింపారు. మినసోటా ట్విన్స్ మీద వంపు తిరిగే కర్వ్‌బాల్ పట్టు చిక్కక, దాదాపు ఫాస్ట్‌బాల్ ఒక్కదానితోనే తొమ్మిది ఇన్నింగ్స్ వేసి, మూడే హిట్లు ఇచ్చి 2-0తో గెలిపించారు. భగవంతుడి కోసం ఒక రోజు ఆగగలిగిన మనిషికి, తన మోచేతి కోసం ఒక రోజు ఆగే వీలు మాత్రం లేకపోయింది. ఈ రెండు సంగతులనూ పక్కపక్కన పెట్టి చూడాలని నా మనవి.

ఎందుకు లేకపోయింది? అప్పటి ఒప్పందాల ప్రకారం ఒక జట్టుకు సంతకం చేసిన ఆటగాడు ఆ జట్టు వదిలితే తప్ప మరో జట్టుకు పోలేడు. ఇచ్చిన జీతం పుచ్చుకోవాలి, లేదా ఇంట్లో కూర్చోవాలి. 1966 సీజన్‌కు ముందు కోఫాక్స్, ఆయన సహచర పిచర్ డాన్ డ్రైస్‌డేల్ ఈ గోడను కలిసి తోయాలని చూశారు. ఒకరు అడిగిన మొత్తాన్ని రెండోవారికి చూపి యాజమాన్యం ఇద్దరినీ తగ్గిస్తోందని మాటల్లో బయటపడటంతో, ఇద్దరం కలిసే మాట్లాడతామని, మూడేళ్లకు ఇద్దరికీ కలిపి పది లక్షల డాలర్లు కావాలని పట్టుబట్టారు. నెల రోజులకు పైగా శిబిరానికి వెళ్లలేదు. చివరికి అడిగినంత దక్కలేదు. కోఫాక్స్‌కు 1,25,000 డాలర్లు, డ్రైస్‌డేల్‌కు 1,10,000 డాలర్లు ఒక్క ఏడాదికి ఒప్పుకున్నారు. అయినా ఆటగాళ్లు జతకడితే యాజమాన్యం దిగివస్తుందని అందరూ చూశారు. అదే ఏడాది ఆటగాళ్ల సంఘం పగ్గాలు చేపట్టిన మార్విన్ మిల్లర్ 1968లో తొలి ఉమ్మడి ఒప్పందం సాధించారు. 1975 డిసెంబర్‌లో ఆండీ మెసర్‌స్మిత్, డేవ్ మెక్‌నాలీ అనే ఇద్దరు పిచర్ల వివాదంలో వచ్చిన తీర్పుతో ఆ పాత బంధనం తెగింది. మెసర్‌స్మిత్ కూడా డాడ్జర్స్ పిచరే. కోఫాక్స్ వారసత్వం అన్నప్పుడు స్ట్రైకౌట్ల సంఖ్య కంటే ముందు దీన్ని రాయాలి.

1966లో 27 గెలుపులు. సీజన్ చివరి రోజున ఫిలడెల్ఫియాలో మళ్లీ రెండే రోజుల విశ్రాంతితో ఆడి జట్టును వరల్డ్ సిరీస్‌కు చేర్చారు. అక్కడ ఆయన ఆడిన ఒక్క మ్యాచ్‌లో, ఒకే ఇన్నింగ్స్‌లో తన ఫీల్డర్ మూడు తప్పులు చేసినా పల్లెత్తు మాట అనలేదు. ఆ నవంబర్ 18న విలేకరులను పిలిచి ఇక ఆడనని చెప్పారు. ఆట ముగిశాక బతకవలసిన ఏళ్లు చాలా ఉన్నాయని, ఆ ఏళ్లను పూర్తిగా పనిచేసే శరీరంతో బతకాలని ఉందని ఆయన చెప్పిన మాటల సారం. అప్పటికి ముప్పై ఏళ్లు. మొత్తం 165 గెలుపులు, 2,396 స్ట్రైకౌట్లు, నాలుగు నో హిటర్లు (ఎదుటి జట్టుకు ఒక్క హిట్ కూడా ఇవ్వని మ్యాచ్‌లు). 1972లో 36 ఏళ్ల వయసులో, మేటి ఆటగాళ్లను గౌరవించే హాల్ ఆఫ్ ఫేమ్‌కు ఎన్నికైన అతి పిన్న వయస్కుడయ్యారు. వీరత్వం వెతకాలంటే నేను ఆ విలేకరుల సమావేశంలోనే వెతుకుతాను. వచ్చే ఏడాది జీతం, చప్పట్లు అన్నీ ఎదురుగా ఉండగా, ‘నా చేయి నాకు కావాలి’ అనగలగడం సామాన్యమైన విషయం కాదు.

ఆయన ఆట మానేసి ఎనిమిదేళ్లు నిండకముందే, 1974 జూలైలో, అదే డాడ్జర్స్ జట్టు ఎడమచేతి పిచర్ టామీ జాన్ మోచేతిలో ఎముకలను కలిపి ఉంచే లిగమెంటు తెగింది. కెర్లన్‌తో కలిసి పనిచేసిన డాక్టర్ ఫ్రాంక్ జోబ్, ఆ సెప్టెంబర్ 25న, కుడి ముంజేతి నుంచి స్నాయువు తీసి ఎడమ మోచేతిలో అల్లి నిలబెట్టారు. నూటికి ఒక వంతు అవకాశం ఉందనుకున్న ఆ శస్త్రచికిత్స తరువాత టామీ జాన్ 1976లో తిరిగి వచ్చి 1989 దాకా ఆడారు. ఆయన మొత్తం 288 గెలుపుల్లో 164 శస్త్రచికిత్స తరువాతివే. కోఫాక్స్ జబ్బు వేరు, టామీ జాన్ గాయం వేరు. ఈయనకు చేసింది ఆయనకూ పనికివచ్చేదని నేను చెప్పడం లేదు. కానీ ఒక మోచేయి అరిగిపోతుంటే చూస్తూ ఊరుకోవలసి వచ్చిన చోటే, మరో మోచేతిని బాగుచేసే ఆలోచన పుట్టిందని గమనించాలి. తరువాత పిచర్ల పని కూడా తగ్గుతూ వచ్చింది. ఒక సీజన్‌లో 300 ఇన్నింగ్స్ వేసినవారు 1980లో స్టీవ్ కార్ల్‌టన్ తరువాత మరొకరు లేరు. అంతమాత్రాన మోచేతులు క్షేమంగా ఉన్నాయనుకోకూడదు. ఇప్పుడు ప్రతి బంతినీ ఉన్న శక్తి అంతా పెట్టి విసరమంటున్నారు కనుక గాయాలు తగ్గలేదు. షెర్రీ చెప్పిన మాటకు సరిగ్గా వ్యతిరేకమైన మాట ఇది.

కిందటి ఏడాది లాస్ ఏంజెలెస్ దగ్గర ఉంటున్న మా అమ్మాయి ఇంటికి వెళ్లినప్పుడు డాడ్జర్ స్టేడియంలో 2022లో ప్రతిష్ఠించిన కోఫాక్స్ విగ్రహాన్ని చూశాను. పక్కనే ఈ ఆటలో నల్లజాతివారికి దారి తెరిచిన డాడ్జర్స్ ఆటగాడు జాకీ రాబిన్సన్ విగ్రహం ఉంది. అయితే నా మనసును మార్చింది ఆ కంచు విగ్రహం కాదు. మా పదేళ్ల మనవడు అక్కడ లిటిల్ లీగ్ అనే పిల్లల బేస్‌బాల్ పోటీల్లో పిచింగ్ చేస్తాడు. ఒక శనివారం ఉదయం వాడి మ్యాచ్‌లో, జాలీ వెనక మడత కుర్చీలో కూర్చున్న ఒక తల్లి చేతిలో చిన్న లెక్కింపు యంత్రం ఉంది. వాడు బంతి విసిరిన ప్రతిసారీ ఆమె బొటనవేలితో దాన్ని నొక్కేది. వాడు చక్కగా వేస్తున్నాడు, ఎదుటి జట్టుకు పరుగులు రావడం లేదు. ఇంతలో ఆమె చేయి ఎత్తి 75 అని చెప్పింది. ఆడుతున్న బ్యాటర్ వంతు అయిపోగానే కోచ్ వెళ్లి వాడి భుజం తట్టి బంతి తీసుకున్నాడు. బాగా వేస్తున్నవాణ్ణి ఎందుకు ఆపుతారని నాకు కోపం వచ్చింది. ‘నాన్నా, వీళ్ల వయసుకు రోజుకు 75 బంతులే, నియమం’ అంది మా అమ్మాయి. లిటిల్ లీగ్ 2007లో ఈ లెక్క పెట్టింది. పదకొండు, పన్నెండేళ్ల వాళ్లకు 85. 66 బంతులు గానీ అంతకు మించి గానీ వేసిన పిల్లవాడు తరువాత నాలుగు రోజులు పిచింగ్ చేయకూడదు. అమెరికాలో పిల్లల్ని ఈ ఆటలో చేర్చిన తెలుగు తల్లిదండ్రులు ఎందరో మీ పత్రికను అంతర్జాలంలో చదువుతారు. మా అబ్బాయిని ఇంకాసేపు ఆడించండని కోచ్‌ను అడగకుండా ఆ తల్లి వేలి వైపు చూడమని వారికి చెప్పాలనిపిస్తోంది.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. దాదాపు పాతికేళ్ల కిందట మా బడిలో పదిహేనేళ్ల ఫాస్ట్ బౌలర్ ఒకడు ఉండేవాడు. పొడగరి, మణికట్టు చక్కగా తిరిగేది. అంతర పాఠశాలల పోటీల్లో ఒకే రోజు రెండు మ్యాచ్‌లు పడ్డాయి. ఎండలో ఉదయం వాడి చేతే ఎక్కువ ఓవర్లు వేయించాను, మధ్యాహ్నం మళ్లీ బంతి ఇచ్చాను. ‘నడుం పట్టేస్తోంది సార్’ అన్నాడు. వీరులు నొప్పిని లెక్కచేయరు, ఇంకో మూడు ఓవర్లు వెయ్యి అన్నాను. వేశాడు. గెలిచాం. ప్రధానోపాధ్యాయుడు గారు ప్రార్థనలో నన్ను కూడా మెచ్చుకున్నారు. తరువాత వాడి నడుము ఎముకలో చీలిక వచ్చిందని డాక్టరు చెప్పారు. మళ్లీ బంతి పట్టలేదు. ఇప్పుడు తెనాలి పక్కన ఎరువుల కొట్టు నడుపుతున్నాడు. కిందటి నెల వెళ్తే నన్ను చూసి లేచి నిలబడి, కుర్చీ వేయించి, టీ తెప్పించాడు. రైతు ఎవరో యూరియా బస్తా కావాలంటే లోపలి కుర్రాణ్ణి కేకేసి ఎత్తించాడు. బస్తా తాను ఎత్తడు, ఎత్తలేడు. నన్ను ఒక్క మాట అనలేదు. వాడి ఓవర్ల లెక్క నా దగ్గర లేదు, ఆ రోజు వికెట్ల లెక్క మాత్రం ఇప్పటికీ నాకు గుర్తుంది. ఎనిమిది.

అందుకే మిమ్మల్ని అడుగుతున్నది ఇది. మీ జిల్లా పేజీల్లో పాఠశాలల క్రికెట్ ఫలితాలు వేసేటప్పుడు ‘అయిదు వికెట్లు తీసిన’ అని రాసే చోట, ఆ పిల్లవాడి వయసు ఎంతో, ఆ రోజు మొత్తం ఎన్ని ఓవర్లు వేశాడో, ముందటి రోజు కూడా వేశాడా అన్నది కూడా వేయండి. విలేకరి అడిగితే వ్యాయామోపాధ్యాయుడు లెక్క రాస్తాడు. ఎవరూ అడగరు కనుకనే రాయడం లేదు. నేను రాయనిది కూడా అందుకే. కోఫాక్స్ మీద మరోసారి వ్యాసం వేసే సందర్భం వస్తే, 382 స్ట్రైకౌట్ల పక్కన 335 ఇన్నింగ్స్ అనీ, ఆ పక్కన పొడవు తగ్గించిన కోటు చేయి గురించీ వేయమని మనవి.

ఈ ఉత్తరం మీరు ప్రచురిస్తే ఆ పత్రిక ప్రతిని ఎరువుల కొట్టుకు నేనే తీసుకెళ్లి ఇస్తాను.

భవదీయుడు,
విశ్రాంత వ్యాయామోపాధ్యాయుడు,
తెనాలి.